తువ్వాలుకు గుండెజబ్బు

మట్టపర్తి సత్తిరాజు ముప్పయ్యేళ్ల కండక్టరు ఉద్యోగంలో నమ్మిన సిద్ధాంతం ఒక్కటే. తువ్వాలుకు సీటు లేదు. కిటికీలోంచి తువ్వాలు విసిరి సీటు ఆపుకోవడం అమలాపురం – కాకినాడ రూట్లో తాతలనాటి హక్కు అని ప్రయాణికులు వాదించేవారు. ఆయన వాదించేవాడు కాదు. తువ్వాలును రెండు వేళ్లతో ఎత్తి, "ఈవిడ టిక్కెట్టు తీసుకున్నారాండీ? లేదు కదా. అయితే దిగుతారు," అని వచ్చిన కిటికీలోంచే సాగనంపేవాడు. మనిషి కూర్చుంటేనే సీటు, గుడ్డ కూర్చుంటే అది ఆరేసినట్టు లెక్క అని ఆయన తీర్పు. దానిమీద అప్పీలు లేదు.

ఆయన చేతిలో అందరికంటే ఎక్కువసార్లు దిగిపోయిన తువ్వాలు మంగతాయారుది. ఎర్రంచు పసుపు తువ్వాలు. అంబాజీపేటలో కొబ్బరికాయల వ్యాపారం ఆవిడది. వారం వారం బేరానికి కాకినాడ వెళ్లేది. ఆవిడ వెయ్యడం, ఈయన తియ్యడం. ఒకనాడు ఆ తగువు ముదిరి, ఒకరి ఊరు ఒకరూ, ఒకరి ఇంటిపేరు ఒకరూ తవ్వుకున్నారు. ఆ తవ్వకాల్లో "అయితే మీకు పెళ్లీడు పిల్లుందన్నమాట" అని ఆవిడకీ, "అయితే మీకు కుదురైన కుర్రాడున్నాడన్నమాట" అని ఈయనకీ తేలి, బస్సు కాకినాడ చేరేసరికి వియ్యంకులైపోయారు. పెళ్లిలో కూడా మొదటి వరస కుర్చీ మీద ఆవిడ తువ్వాలు వేసింది. పెళ్లికూతురి తండ్రి పంచె సర్దుకుంటూ వచ్చి అది తీశాడు.

ఆ పెళ్లికూతురు హేమశ్రీ. చిన్నప్పుడు కీళ్లజ్వరం వచ్చి ఆ పిల్ల గుండెలో ఒక కవాటం పాడైంది. డాక్టర్లు దాన్ని తీసేసి లోహపు కవాటం అమర్చారు. అప్పటినుంచీ హేమ పక్కన కూర్చుంటే గోడగడియారం పక్కన కూర్చున్నట్టు టిక్కు టిక్కుమని వినబడేది. "మా కోడలి గుండె మాట తప్పదు, టైమూ తప్పదు," అని మంగతాయారు ఊరంతా చెప్పుకునేది. ఆ లోహం మీద నెత్తురు గడ్డకట్టకుండా రోజూ ఒక మాత్ర వేసుకోవాలి. హేమ వేసుకుంటూనే ఉంది. ఇంతలో నెల తప్పింది.

అమలాపురంలో ఎప్పుడూ చూపించుకునే పాత డాక్టరు సంగతి విని కళ్లజోడు తీసి బల్ల మీద పెట్టారు. "ఈ మాత్ర తల్లి గుండెకి కాపలా. మొదటి మూడు నెలల్లో బిడ్డకి మాత్రం చేటు. అలాగని ఊరికే మానేస్తే కవాటం మీద గడ్డ కడుతుంది, తల్లికి ముప్పు. మాత్ర ఆపి ఇంజక్షన్లోకి మార్చాలి సత్తిరాజూ. ఎప్పుడు, ఎంత మోతాదు అన్నది గుండె డాక్టరూ, పురుళ్ల డాక్టరూ ఇద్దరూ ఒక్కచోట కూర్చుని తేల్చాలి. తాత్సారం చెయ్యకు. రోజులు గడిచేకొద్దీ బిడ్డకి ప్రమాదం."

ఇద్దరు డాక్టర్లు, ఒక్కచోటు. అడిగింది అంతే. అల్లుడు ఫ్యాక్టరీ షిఫ్టులో ఇరుక్కోవడంతో సత్తిరాజు, మంగతాయారు కలిసి హేమను కాకినాడలో కొత్తగా వెలిసిన కరుణాకటాక్ష మల్టీ స్పెషాలిటీ ఆస్పత్రికి తీసుకెళ్లారు.

ఆ ఆస్పత్రి పెద్దలు ఆ వేసవిలోనే సముద్రపు ఒడ్డున ఏదో రిసార్టులో రెండ్రోజుల సదస్సుకు వెళ్లొచ్చారు. అందరికీ ఎండదెబ్బ తగిలితే ఒకాయనకు కోడుదెబ్బ తగిలింది. ప్రపంచంలో ప్రతి రోగానికీ ఒక అక్షరం, కొన్ని అంకెలు కలిపి ఒక కోడు ఉంటుందనీ, ఆఖరికి చిలక కొరికినా దానికో కోడుందనీ అక్కడ ఆయన విన్నాడు. విన్నవాళ్లంతా భోజనానికి లేచారు గానీ ఆయన లేవలేదు. ఆయన పేరు కోడూరి దక్షిణామూర్తి. ఇంటిపేరులోనే పిలుపు ఉంది. తిరిగొచ్చి ముఖ్య సంకేతాధికారిగా పదవి పుట్టించుకుని, అందులో తనే పుట్టి, ఆస్పత్రి ముఖద్వారం మీద బంగారు అక్షరాలతో ఇలా రాయించాడు:

'కోడు ముందు – గోడు తర్వాత'

కౌంటరులో అమ్మాయి తలెత్తకుండా అంది. "ప్రాబ్లమ్ చెప్పకండి సార్. కోడు చెప్పండి."

"మా అమ్మాయికి గుండె—"

"గోడు తర్వాత సార్," అంటూ ఆ పిల్ల వెనక్కి తిరక్కుండానే గోడ మీదా రాసున్న అదే మాట చూపించింది.

మంగతాయారు ముందుకొచ్చింది. "కోడలికి మళ్లీ కోడేంటమ్మాయ్? కోడలన్న మాటలోనే ఉంది కదా కోడు! అదే రాసుకో."

ఆ పిల్ల నిజంగానే కొట్టి చూసి, "కోడలు తీసుకోవట్లేదండీ," అంది బాధగా.

అప్పుడు దక్షిణామూర్తి స్వయంగా వచ్చాడు. మెడలో మూడు గుర్తింపు కార్డులు, ముఖంలో ముగ్గురు మనుషులకు సరిపడా గుర్తింపు. సంగతంతా విని కళ్లు మూసుకుని సెలవిచ్చాడు. "గర్భవతియగు రోగి విషయమున గర్భసంబంధ సంకేతము ప్రథమముగాను, హృదయ రక్తప్రసరణ సంబంధ సంకేతము ద్వితీయముగాను నమోదు కావలెను. గర్భానిది 'ఓ' అక్షరం. గుండెది 'ఐ' అక్షరం. మీకు ఓ ఉంది, ఐ కూడా ఉంది. అభినందనలు."

"మా అమ్మాయి ఒక్కత్తేనండి," అన్నాడు సత్తిరాజు.

"మనిషి ఒక భావన. కోడు వాస్తవం. మా విధానం ఒక కోడు – ఒక మంచం. కనుక రెండో అంతస్తులో మాతృత్వ విభాగంలో ఒక మంచం, నాలుగో అంతస్తులో హృదయ విభాగంలో ఒక మంచం. రెండు చేతులకూ రెండు పట్టీలు కడతారు. డాక్టర్లు తనిఖీకి వచ్చేవేళకు రోగి మంచం మీద ఉండి తీరాలి. మంచం ఖాళీగా కనిపిస్తే ఆ కోడు రద్దు. ఒకటి రద్దయితే దాని జంట కోడు కూడా వైధవ్యం పొందుతుంది."

"రెండుచోట్లా తనిఖీ ఎన్నింటికండి?"

"ఒకే సమయానికి. సమయపాలనలో మేము రాజీ పడము."

సత్తిరాజు సర్వీసులో ఒకే సీటుకి ఇద్దరు కొట్టుకోవడం చూశాడు గానీ, ఒకే మనిషికి రెండు సీట్లిచ్చి రెంటిలోనూ కూర్చోమనడం చూడలేదు. అయినా ఇద్దరు డాక్టర్లూ దొరుకుతున్నారు కదా అని సంతకం పెట్టాడు.

నాలుగో అంతస్తులో గుండె డాక్టరు శశిభూషణ్. నెమ్మదైన మనిషి. స్క్రీను చూశారు, తెర మీది గుండెను చూశారు, "కవాటం భేషుగ్గా ఉంది," అన్నారు.

"అమ్మాయికి రెండో నెలండి. ఆ మాత్ర సంగతి—"

డాక్టరు చెవులు మూసుకోలేక కళ్లు మూసుకున్నారు. "అది నా స్క్రీన్లో లేదండీ. కిందటి నెల ఒకాయన కుంటుతూ వస్తే మోకాలికేమైందని అడిగాను. 'అన్య అవయవంలో అనధికార ప్రవేశం' అని మెమో ఇచ్చారు. ఇంకొక్కటొస్తే నా ఉద్యోగం కుంటుతుంది. గుండె వరకూ చెబుతాను, రాసుకోండి. మాత్ర మానకూడదు. మానితే ప్రాణం మీదికొస్తుంది."

రెండో అంతస్తులో పురుళ్ల డాక్టరు అరుంధతి. చల్లని చెయ్యి, చల్లని మాట. "అంతా బావుంది తల్లీ. ఈ మూడు నెలలూ ఇతర మాత్రలేవీ వద్దు. ఏమైనా వాడుతుంటే ఆపెయ్యి."

"గుండెకి వాడుతున్నానండి మేడమ్—"

"గుండె అనకమ్మా," అన్నారావిడ గొంతు తగ్గించి, గోడకున్న కెమెరా వంక చూస్తూ. "రికార్డవుతుంది."

రెండు ఆజ్ఞలూ కంప్యూటరుకు చేరాయి. ఒకటి వేసుకోమంటుంది, ఒకటి వద్దంటుంది. కంప్యూటరుకు పక్షపాతం లేదు. సాయంత్రానికి సమన్వయ ఉత్తర్వు అచ్చయి వచ్చింది: 'రోగి నాలుగవ అంతస్తులో మాత్ర వేసుకొనవలెను. రెండవ అంతస్తులో మాత్ర వేసుకొనరాదు.'

హేమ అది చదువుకుంది. చదువుకుని, "మెట్ల మీద ఉన్నప్పుడేం చెయ్యాలి నాన్నా?" అని అడిగింది.

సత్తిరాజు అమలాపురం డాక్టరుకు ఫోను చేశాడు. "మాత్ర మాననివ్వకు. కానీ వాళ్లిద్దర్నీ వెంటనే ఒకచోట కూర్చోబెట్టవయ్యా బాబూ!" అని ఆయన అవతల అరిచారు. హేమ మాత్ర వేసుకుంది. మింగేముందు ఒక చెయ్యి కడుపు మీద పెట్టుకుని ఏదో గొణిగింది. ఏమందో సత్తిరాజుకు వినబడలేదు. 'తప్పట్లేదమ్మా, ఏమనుకోకు,' అన్నట్టుంది.

మర్నాడు తనిఖీ. నాలుగో అంతస్తులో బెల్లు మోగితే హేమ అక్కడ పడుకోవడం, పట్టీ చూపించడం, లేచి రెండో అంతస్తుకు పరుగు. లిఫ్టు ఉంది. మూడో అంతస్తులోని బిల్లింగు విభాగంవారు దాన్ని తలుపుకి కుర్చీ అడ్డం పెట్టి ఆపుకున్నారు.

"నా గుండె నాలుగో అంతస్తు, కడుపు రెండో అంతస్తు, మధ్యలో బిల్లు. దేవుడు పెట్టిన వరసేలే," అని హేమ నవ్వబోయి, ఆయాసంతో మెట్ల మీదే చతికిలబడింది. కవాటం టిక్కుటిక్కుటిక్కుమని గడియారం కాస్తా కుట్టుమిషనైంది.

మంగతాయారు కోడలి ముఖం చూసింది. పైకి, కిందికి చూసింది. కోడలి ఎడంచేతికున్న గుండె పట్టీ ఊడదీసి, నాలుగో అంతస్తుకెక్కి, వార్డు గుమ్మంలోంచే భుజం మీది ఎర్రంచు పసుపు తువ్వాలు తీసి విసిరింది. ముప్పయ్యేళ్ల సాధన. అది సరిగ్గా మంచం నడుమ వాలింది. వెళ్లి దాని కొసకు పట్టీ కట్టింది.

"చెల్లెమ్మగారూ!" వెనకే రొప్పుతూ వచ్చిన సత్తిరాజు నిలువునా నీరైపోయాడు. "తువ్వాలుకి సీటు లేదండి!"

"ఇది సీటు కాదన్నయ్యగారూ, మంచం. మీ రూలు బస్సులో. ఇక్కడ మీరూ పాసింజరే. పక్కకి జరగండి."

జరగక తప్పలేదు, ఎందుకంటే తనిఖీ వచ్చేసింది. ముందు చిన్న డాక్టరు. చేతిలో పలకలాంటి యంత్రం, చూపంతా దాంట్లోనే. వెనక సిస్టరు. యంత్రం పట్టీని చూసి కూసింది.

"రాత్రి నిద్ర పట్టిందా అమ్మా?" అన్నాడు చిన్న డాక్టరు పలకతో.

తువ్వాలు ఏమీ అనలేదు.

"ఆయాసం? దడ? కాళ్లవాపు? గుడ్. ఫిర్యాదులు లేవు."

సిస్టరు నోరు విప్పింది. "సార్, ఇది..."

"పట్టీ కూసిందా?"

"కూసింది సార్."

"మరి? నాడి రాయండి."

నాడి గడి నింపకపోతే యంత్రం ముందుకు పోదు. సిస్టరు ఇటూ అటూ చూసి తన నాడే తాను పట్టుకుని చూసి రాసింది. భయంతో ఆ నాడి గబగబా కొట్టుకుంటోంది. దాంతో తువ్వాలుకు విశ్రాంతి అవసరమని, ఉప్పు తగ్గించాలని రాశారు. పన్నెండింటికి ఉప్పులేని ఉప్మా వచ్చింది. "దీనికి ఉప్పు లేదు గానీ సిగ్గుంది, తినట్లేదు," అని మంగతాయారే తినిపెట్టింది.

హేమకు మెట్లు తప్పాయి. రెండో అంతస్తులో పడుకోగలిగింది. కానీ అసలు చిక్కు అక్కడే బిగిసింది. తువ్వాలు నిలకడగా ఉండటంతో గుండె డాక్టరు ఆ మంచం వైపు రావడం మానేశారు. ఏ కంప్లైంటూ లేని రోగి కోసం ఎవరొస్తారు? హేమ రోజూ మాత్ర మింగుతూనే ఉంది, ఒక చెయ్యి కడుపు మీద పెట్టుకుని.

ఈలోగా తువ్వాలు కీర్తి వార్డులు దాటింది. షుగరూ కంటిపొరా రెండూ ఉన్న తాతగారి తరఫున పంచె పడుకుంది. కీళ్లనొప్పులూ కిడ్నీరాళ్లూ ఉన్నావిడ తరఫున దుప్పటి చేరింది. ఒక లుంగీని ఆపరేషనుకు సిద్ధం చేసి, ఆఖరి నిమిషంలో బీపీ ఎక్కువుందని వెనక్కి పంపారు. దక్షిణామూర్తి లెక్కలు తెప్పించుకుని చూశాడు. మంచాలన్నీ నిండాయి. మూలుగులు తగ్గాయి. రోగుల అభిప్రాయ సేకరణలో 'అసంతృప్తి ఏదైనా ఉందా' అన్న ప్రశ్నకు సగానికి పైగా మంచాలు మౌనం వహించాయి. ఆనందం పట్టలేక సర్క్యులరు జారీ చేశాడు. ఇకమీదట తువ్వాలును తువ్వాలు అనరాదు. 'రోగి ప్రాతినిధ్య వస్త్రము' అనవలెను. ప్రాతినిధ్య వస్త్రములు ఉతికినవై ఉండవలెను. వస్త్రముల పక్కన నిజరోగులు పడుకుని రద్దీ కలిగించరాదు.

సత్తిరాజు ఇక ఆగలేక దక్షిణామూర్తి గదికి వెళ్లాడు.

"అయ్యా, నాకు మంచాలొద్దు, వస్త్రాలొద్దు. ఆ ఇద్దరు డాక్టర్లనీ ఒక్క అరగంట ఒక్క బల్ల దగ్గర కూర్చోబెట్టండి. అంతే."

"తప్పకుండా. దానికోసమే సంయుక్త సంకేత సంఘము ఉంది. ఓ, ఐ సభ్యులిద్దరూ అందులో కూర్చుంటారు."

సత్తిరాజు ప్రాణం లేచొచ్చింది. "ఎప్పుడండి?"

"మీ కోడు ఏమిటి? గర్భము, ప్రథమ త్రైమాసికము, రక్తప్రసరణ వ్యాధి సహితము. మరి ఇది ప్రథమ త్రైమాసికమే అని రుజువేమిటి?"

"రెండో నెలని డాక్టర్లు రాశారు కదండీ."

"అది అంచనా. త్రైమాసికము పూర్తి అయితేనే గదా అది త్రైమాసికము అయినట్టు! సగం నడిచిన బస్సును చేరినట్టు మీరు రాసుకుంటారా? మూడు నెలలు నిండిన మరునాడు సంఘము సమావేశమై, అమ్మాయి ప్రథమ త్రైమాసికములో ఉండెనని ధ్రువీకరించి, చికిత్సకు అనుమతించును."

"మూడు నెలలు నిండాక ఇంక మార్చడానికేం మిగుల్తుందండీ? ఆ మాత్ర చెడు చేసేదే ఈ నెలల్లో!"

"అంతేగాక," అన్నాడు దక్షిణామూర్తి వేలెత్తి, అసలు చిక్కు ఇప్పుడే గుర్తొచ్చినట్టు, "అప్పటికి ఆమె ద్వితీయ త్రైమాసికములో ప్రవేశించి ఉండును. కనుక ఆ అనుమతి చెల్లదు. కొత్త కోడు తెరవవలెను. మంచిది, గుర్తు చేశారు."

సత్తిరాజు మెట్లు దిగి గేటు దగ్గర నిలబడ్డాడు. బస్సులో ఏ రగడైనా ఒక్క విజిలుతో ఆపిన మనిషి. ఇక్కడ ఏది ఆపాలో తెలియక, సాయంత్రం పూట వాచ్‌మన్ పక్కన ఊరికే నిలబడ్డాడు. అప్పుడే లోపల్నుంచి ఒక పాత కారు వచ్చి మెట్ల దగ్గర ఆగింది. నడుపుతున్నది గుండె డాక్టరు శశిభూషణ్. మెట్లు దిగివచ్చి ముందు సీట్లో కూర్చున్నది పురుళ్ల డాక్టరు అరుంధతి. ఆవిడ క్యారేజీ గిన్నె ఆయన ఒళ్లో పెట్టింది. ఇద్దరూ మాట్లాడుకోలేదు. కారు గేటు దాటింది.

"వీళ్లిద్దరూ..." అన్నాడు సత్తిరాజు.

"మొగుడూ పెళ్లాలండీ ఆళ్లు. తెలీదా?" అన్నాడు వాచ్‌మన్. "లోపల మాటాడుకుంటే మెమో. ఇంట్లో ఆస్పత్రి మాటెత్తకూడదని ఇద్దరూ ఒట్టేసుకున్నారంట. ఇంక మాటలంటూ ఉంటే ఆ కార్లోనే ఉండాలండి."

గుండె, కడుపు ఒకే పెళ్లిపీటల మీద కూర్చుని, ఒకే క్యారేజీలో అన్నం తింటూ, ఒక్క మాట అనుకోవడానికి మూడు నెలలు ఆగాలన్నమాట. సత్తిరాజు వాచ్‌మన్‌ను మరేం అడగలేదు. చేతిని జేబులోకి పోనిచ్చి విజిలు ఉందో లేదో చూసుకున్నాడు.

మర్నాడు సాయంత్రం కారు గేటు దగ్గరకు రాగానే విజిలు పడింది. కాకినాడ రోడ్ల మీద ముప్పయ్యేళ్లు మోగిన విజిలు. డాక్టరు కాలు తనంత తానే బ్రేకు మీద పడింది.

"ఏమిటండీ ఇది?"

"ఇద్దరు ఎక్కాలండి," అని సత్తిరాజు వెనక తలుపు తీశాడు. "అమ్మా హేమా, లోపలికి జరుగు. చెల్లెమ్మగారూ, మీరు కూడా. జరగాలి, జరగాలి, వెనక ఖాళీ ఉంది!" తర్వాత తనూ ఎక్కి, కిటికీలోంచి చెయ్యి బయటపెట్టి కారు టాపు మీద రెండు దెబ్బలు వేశాడు. "రైట్ రైట్!"

ఆ మాట వింటే ఆ జిల్లాలో ఏ బండీ నిలబడదు. కారు కదిలింది.

రోడ్డెక్కాక కారులో ఒక చప్పుడు స్పష్టంగా వినబడసాగింది. టిక్కు. టిక్కు. టిక్కు.

"ఏవండీ, ఇండికేటరు తీసెయ్యండి," అన్నారు అరుంధతి.

"నేను వెయ్యలేదు," అన్నారు శశిభూషణ్. రెండు క్షణాల తర్వాత కారు వేగం తగ్గింది. ఆయన అద్దంలోంచి వెనక్కి చూశారు. "అది కవాటం. నా పేషెంటు కవాటం. పై వార్డులో నిలకడగా ఉందన్నారే!"

"అక్కడున్నది నా తువ్వాలండి," అంది మంగతాయారు.

అరుంధతి వెనక్కి తిరిగి హేమను చూశారు. "ఈ అమ్మాయి నా పేషెంటు. రెండో నెల." భర్త వైపు తిరిగారు. "ఈమె ఏం మాత్ర వాడుతోంది?"

శశిభూషణ్ మాత్ర పేరు చెప్పారు. అరుంధతి చెయ్యి నోటికి అడ్డం వెళ్లింది. ఆ తర్వాత ఇద్దరూ ఒకేసారి మాట్లాడటం మొదలుపెట్టారు. భానుగుడి సెంటరులో ఆకుపచ్చ దీపం పడి, ఎర్రదీపం పడి, మళ్లీ ఆకుపచ్చ పడింది. వెనక బళ్లు హారన్లు కొడుతున్నా కారు కదల్లేదు. పెళ్లయిన ఇన్నేళ్లలో ఆ దంపతులు అంత ఇష్టంగా మాట్లాడుకుని ఉండరని సత్తిరాజుకు అనిపించింది.

"ఈ రాత్రినుంచి మాత్ర వద్దమ్మా," అన్నారు చివరికి అరుంధతి. "పొద్దున్నే రక్తపరీక్ష. అది చూసి ఇంజక్షను మొదలుపెడదాం. పొట్ట మీద, రోజుకి రెండుసార్లు. మూడు నెలలు దాటాక మళ్లీ చూసుకుందాం."

"బిడ్డకి..." అంది హేమ. చెయ్యి మళ్లీ కడుపు మీదికి వెళ్లింది.

"వెంటనే మార్చడమే ఇప్పుడు చెయ్యగలిగిన మంచి. ఇంకొన్నాళ్లు అలాగే సాగి ఉంటే నేనిలా మాట్లాడగలిగేదాన్ని కాదు," అన్నారు అరుంధతి. "స్కానింగులు చూసుకుంటూ ఉందాం. పద."

రాయడానికి కాగితం లేదు. సత్తిరాజు జేబులోంచి టిక్కెట్టు మిషను చుట్ట తీసి ఒక మూర చింపి ఇచ్చాడు. కరుణాకటాక్ష చరిత్రలో మొదటిసారి ఓ, ఐ రెండూ ఒకే కాగితం మీద సంతకం చేశాయి.

ఆ వారమంతా హేమకు వైద్యం గేటు బయట కారులోనే నడిచింది. అది కంప్యూటరుకు చేరకుండా ఉంటుందా! 'చికిత్స జరిగిన స్థలము' అన్న గడిలో అరుంధతి నిజాయితీగా 'కారు' అని రాశారు. కోడ్ల పుస్తకంలో కారు ఒక్క అధ్యాయంలోనే ఉంది. రోడ్డు ప్రమాదాలు. దాంతో గర్భమూ గుండే రెండూ రద్దయి, హేమ కారు ప్రమాద బాధితురాలిగా నమోదైంది. పోలీస్ స్టేషనుకు కబురు వెళ్లింది. కానిస్టేబులు వచ్చి పుస్తకం తీశాడు.

"ఏ కారు గుద్దిందమ్మా?"

"గుద్దలేదు బాబూ," అంది మంగతాయారు. "దిద్దింది."

"ప్రమాదం లేదంటారా?"

"కారున్నచోట ప్రమాదం ఉండి తీరాలి," అన్నాడు దక్షిణామూర్తి. "లేనిచో కారెందుకుంటుంది?"

కానిస్టేబులు కాసేపు ఆలోచించి, ఆయన పేరే సాక్షిగా రాసుకుపోయాడు.

ప్రమాద బాధితురాలికి గాయాలేవీ లేవని హేమను పంపేశారు. తువ్వాలును మాత్రం పంపలేదు. సర్క్యులరు ప్రకారం వస్త్రానిది వేరే లెక్క, దాని కోడు సజీవంగా ఉంది. నాలుగు రోజుల పరిశీలన తర్వాత దక్షిణామూర్తి స్వహస్తాలతో దాని డిశ్చార్జి కాగితం మీద సంతకం పెట్టాడు. 'హృద్రోగి. పరిస్థితి నిలకడ. వైద్యులకు సంపూర్ణ సహకారము అందించినది. మెట్లు ఎక్కరాదు. నిలబడి ప్రయాణము చేయరాదు.' ఆ కాగితం సత్తిరాజు ఆఖరి అక్షరందాకా చదివాడు. మడిచి జేబులో పెట్టుకున్నాడు.

నెలలు గడిచాయి. ఇంజక్షను పోయి మళ్లీ మాత్ర వచ్చింది, మాత్ర పోయి మళ్లీ ఇంజక్షను వచ్చింది. ప్రతి మార్పూ ఆ పాత కారులోనే నిర్ణయమైంది. ప్రతి స్కానింగు రోజూ సత్తిరాజు డ్యూటీలో చిల్లర తప్పిచ్చాడు. నెలలు నిండాక ఆ ఇద్దరు డాక్టర్లూ మెమోలకు తెగించి ఒకే గదిలో నిలబడ్డారు. ఆడపిల్ల. అన్ని వేళ్లూ ఉన్నాయి, ముక్కు చక్కగా ఉంది, గొంతు నాయనమ్మది.

ఇంటికి వెళ్లేరోజు డాక్టర్లు కారిస్తామన్నారు. మంగతాయారు ఒప్పుకోలేదు. "వద్దండి బాబూ. పసిగుడ్డుకి పుట్టీపుట్టగానే యాక్సిడెంటు కోడు పడుతుంది. మా అన్నయ్యగారి బస్సుంది."

కాకినాడ కాంప్లెక్సులో అమలాపురం బస్సు అప్పటికే కిటకిటలాడుతోంది. హేమ, బిడ్డ, అల్లుడు ఇంకా రిక్షా దిగుతున్నారు. సత్తిరాజు మంగతాయారు భుజం మీంచి ఎర్రంచు పసుపు తువ్వాలు లాక్కున్నాడు. కిటికీలోంచి విసిరాడు. మొదటిసారి కదా, డ్రైవరు నెత్తిన పడింది. మళ్లీ తీసుకుని మళ్లీ విసిరితే ముందు సీటు మీద వాలింది.

బస్సులో తలలన్నీ ఇటు తిరిగాయి. ముందు వరసలో నిలబడ్డ ఒక పెద్దాయన గొంతు సవరించుకున్నాడు. "ఏవండీ కండక్టరుగారూ! తువ్వాలుకి సీటు లేదని మొన్ననే నాది కిందికి దింపేశారు తమరు. మీదయితే ఉందాండీ?"

సత్తిరాజు జేబులోంచి కాగితం తీసి విప్పి ఆయన కళ్లముందు పట్టుకున్నాడు. "ఇది తువ్వాలు కాదండీ. పేషెంటు. గుండెజబ్బు మనిషి. నిలబడకూడదని పెద్ద ఆస్పత్రి వాళ్లే రాసిచ్చారు, చూడండి ముద్ర."

పెద్దాయన రెండుసార్లు చదివాడు. తువ్వాలు వంక జాలిగా చూశాడు. "పాపం, చిన్న వయసే," అని పక్కకి జరిగాడు.

హేమ ఎక్కి తువ్వాలు మీద కూర్చుని బిడ్డను గుండెకు ఆన్చుకుంది. టిక్కు టిక్కు. ఏడవబోయిన పిల్ల ఆ చప్పుడు విని ఆగి, తెలిసిన చప్పుడే అన్నట్టు కళ్లు మూసుకుంది.

మంగతాయారు వెనకనుంచి అడిగింది. "మరి అన్నయ్యగారూ, ఈవిడ టిక్కెట్టు తీసుకున్నారాండీ?"

సత్తిరాజు మిషను నొక్కాడు. ఫుల్ టిక్కెట్టు. సొంత డబ్బులు సంచిలో వేసి, టిక్కెట్టును తువ్వాలు మడతలో దోపి, బస్సు టాపు మీద రెండు దెబ్బలు వేశాడు.